నీళ్లు పైకి ఎట్లా ఎక్కుతాయి?

అక్కలారా! నీళ్లు పల్లానికే పారుతాయి. ఈ మాట మనకు బడిలో ఎవరూ చెప్పనక్కర లేదు. అనంతగిరి గుట్టల్లో పుట్టిన మూసీ కిందికే పోతుంది. తాండూరు పక్కన పారే కాగ్నా కూడా పల్లం వెతుక్కుంటూ పోయి భీమా నదిలో కలుస్తుంది. బిందె ఒలికితే నీళ్లు గడప దిగి వాకిట్లోకి వస్తాయి. అటక మీదికి ఎక్కవు.

మరి దీపం సంగతి ఏమిటి?

ప్రమిదలో నూనె పోస్తాం. వత్తి వేస్తాం. నూనె కింద ఉంటుంది. మంట పైన ఉంటుంది. నూనె పైకి ఎక్కితేనే కదా దీపం వెలిగేది! దాన్ని ఎవరు ఎక్కించారు? చేద వేసి తోడలేదు. మోటరు పెట్టలేదు. అయినా చుక్క చుక్కగా నూనె పైకి వస్తూనే ఉంటుంది. ప్రమిద ఎండిపోయే దాకా వస్తుంది.

కరెంటు లేని రోజుల్లో ప్రతి ఇంట్లో గ్యాసునూనె బుడ్డి ఉండేది. కందిలి ఉండేది. వాటిలోనూ ఇదే పని జరిగేది. బుడ్డిలో నూనె అడుగుకు పోతే దీపం మిణుకు మిణుకుమనేది. గుర్తుందా? నూనె ఇంకా ఉంది. వత్తి కూడా నూనెలోనే మునిగి ఉంది. అయినా మంట చిన్నదైంది. ఎందుకంటే నూనె ఎక్కవలసిన దూరం పెరిగింది. దూరం పెరిగితే నూనె నిదానంగా చేరుతుంది. మంటకు మేత చాలదు.

ఒక్క దీపమే కాదు. నేల తుడిచే బట్టను ఒలికిన నీళ్ల మీద వేయండి. మనం అద్దక ముందే నీళ్లు బట్టలోకి పాకుతాయి. చాయలో బిస్కట్ ముంచితే చాయ పైదాకా ఎక్కుతుంది. వానాకాలం గోడ కింద తడి పుడుతుంది. నాలుగు రోజులకు అది మోకాలెత్తు ఎక్కుతుంది. వాన పడ్డది బయట, తడిసింది లోపల.

ఇవన్నీ వేరు వేరు సంగతుల్లాగా కనిపిస్తాయి. కాని అన్నింటి వెనుకా ఉన్న కారణం ఒకటే.

చేసి చూడండి

బట్టలకు పెట్టే నీలం కొంచెం తీసుకోండి. పళ్లెంలో నీళ్లు పోసి అందులో నీలం కలపండి. వేలెడు లోతు నీళ్లు చాలు. మన సెంటర్‌లో సుద్దముక్కలు ఉంటాయి. ఒక సుద్దముక్కను ఆ నీళ్లలో నిలబెట్టండి. చూస్తూ ఉండండి. నీలం రంగు సుద్దముక్కలో పైకి పాకుతుంది.

ఇప్పుడు పాత నూలు చీర అంచు నుంచి రెండు వేళ్ల వెడల్పు పేలిక చింపండి. దాని ఒక కొస నీళ్లలో వేలాడాలి. రెండో కొసను పైన దండేనికి కట్టండి. పక్కనే పాలిస్టర్ బట్ట పేలికను కూడా అట్లాగే కట్టండి. ఏది ముందు తడుస్తుంది? ఏది ఎంత ఎత్తు తడుస్తుంది? బెత్తలతో కొలిచి పలక మీద రాయండి.

మా సెంటర్‌లో ఈ పని చేసినప్పుడు ఒక పెద్దమ్మ అన్నది, "అగో! సుద్దముక్క నీళ్లు తాగుతున్నది బిడ్డా!" ఆ మాట చాలా వరకు సరైనదే. సుద్దముక్క గట్టిగా కనిపిస్తుంది. కాని దాని లోపల కంటికి కనిపించని సందులు వేలకు వేలు ఉన్నాయి. నూలు దారం కూడా అంతే. దారం అంటే సన్నని పోగులు కలిపి పేనినది. పోగుకూ పోగుకూ నడుమ సందు ఉంటుంది. ఇటుకలో సందులు ఉన్నాయి. మట్టిలో సందులు ఉన్నాయి. ఈ సందులే సన్నని గొట్టాలు. నీళ్లు ఆ గొట్టాల్లో ఎక్కుతున్నాయి.

సందు ఎంత సన్నగా ఉండాలి? దీనికి ఇంకొక పని చేయాలి. రెండు గాజు పలకలు కావాలి. ఫోటో పటాల అద్దాలు అయితే బాగుంటాయి. అంచులు కోసుకుంటాయి, పైలం. పిల్లల చేతికి ఇవ్వకండి. రెండు పలకలనూ ఒకదాని మీద ఒకటి పెట్టండి. ఒక పక్క అంచున రెండింటి మధ్య అగ్గిపుల్ల పెట్టండి. రెండో పక్క రెండూ అంటుకొని ఉండాలి. పైనా కిందా రబ్బరు వేసి బిగించండి. ఇప్పుడు వాటిని నీలం నీళ్లలో నిలబెట్టండి.

అగ్గిపుల్ల ఉన్న వైపు సందు వెడల్పు. అక్కడ నీళ్లు కొంచెమే ఎక్కుతాయి. పలకలు అంటుకున్న వైపు సందు సన్నం. అక్కడ నీళ్లు చాలా ఎత్తు ఎక్కుతాయి. నడుమ నీలం గీత కొండ వాలులాగా వంగి ఉంటుంది. ఈ గీతను ఒక్కసారి చూస్తే చాలు, పాఠం సగం వచ్చినట్టే.

ఎందుకు ఎక్కుతాయి?

నీళ్లకు రెండు పట్లు ఉన్నాయి. ఒకటి, నీటి కణాలు ఒకదాన్ని ఒకటి పట్టుకొని ఉంటాయి. అందుకే తామరాకు మీద నీళ్లు ముత్యంలాగా నిలుస్తాయి. రెండు, నీళ్లు కొన్ని వస్తువులను పట్టుకుంటాయి. గాజును పట్టుకుంటాయి. మట్టిని, నూలును, ఇటుకను పట్టుకుంటాయి. గ్లాసులోని నీళ్లను దగ్గరికి వంగి చూడండి. గ్లాసు అంచు దగ్గర నీళ్లు కొంచెం పైకి ఎగబాకి ఉంటాయి.

చెరువు కట్ట ఎక్కడం అనుకోండి. కట్టకు రెండు మెట్ల దారులు ఉన్నాయి. ఒకటి చాలా ఇరుకు. రెండోది వెడల్పు. రెండింటికీ అటూ ఇటూ గోడలు ఉన్నాయి. ఆడవాళ్లు అందరూ చేతులు పట్టుకొని ఎక్కుతున్నారు. గోడ పక్కన ఉన్నవాళ్లు గోడను పట్టుకొని పైకి జరుగుతారు. నడుమ ఉన్నవాళ్లకు గోడ అందదు. పక్కవాళ్ల చేయే వాళ్లకు ఆధారం. ఇరుకు దారిలో అటొకరు, ఇటొకరు, నడుమ ఒకరు. ఇద్దరు కలిసి ఒకరిని లాగాలి. సులువుగా చాలా మెట్లు ఎక్కుతారు. వెడల్పు దారిలో అటొకరు, ఇటొకరు, నడుమ ఇరవై మంది. ఇద్దరు ఎంతమందిని లాగగలరు? రెండు మెట్లు ఎక్కేసరికి ఆగిపోతారు.

నీళ్లకు కూడా ఇదే జరుగుతుంది. గొట్టం గోడలు నీళ్లను పైకి లాగుతాయి. నీళ్ల బరువు కిందికి లాగుతుంది. రెండూ సమానం అయిన చోట నీళ్లు ఆగిపోతాయి.

లెక్క కూడా తెలుసుకుందాం. శుభ్రమైన గాజు గొట్టం లోపలి వెడల్పు 2 మిల్లీమీటర్లు ఉంటే నీళ్లు దాదాపు ఒకటిన్నర సెంటీమీటర్లు ఎక్కుతాయి. వెడల్పు 1 మిల్లీమీటరు అయితే 3 సెంటీమీటర్లు. అర మిల్లీమీటరు అయితే 6 సెంటీమీటర్లు. మిల్లీమీటరులో పదో వంతు అయితే 30 సెంటీమీటర్లు, అంటే మీ పిల్లల బడి స్కేలు అంత పొడవు. వెడల్పు సగమైతే ఎత్తు రెట్టింపు అవుతుంది.

దీనికి పుస్తకాల్లో ఒక పెద్ద పేరు ఉంది. కేశనాళికీయత. నోరు తిరగకపోతే విడదీసి చదవండి. కేశం అంటే వెంట్రుక. నాళిక అంటే సన్న గొట్టం. వెంట్రుకంత సన్నని గొట్టంలో నీళ్లు ఎక్కే గుణం అని అర్థం. పేరు పెద్దది గాని సంగతి వత్తి అంతే.

ఇంగ్లండులో జేమ్స్ జూరిన్ అనే డాక్టరు 1718లో ఈ సన్నగొట్టం లెక్కను తేల్చాడు. ఐన్‌స్టీన్ పేరు మీరు వినే ఉంటారు. జుట్టు చెదిరిన పెద్దాయన ఫోటో పిల్లల పుస్తకాల్లో ఉంటుంది. ఆయన అచ్చు వేయించిన మొట్టమొదటి పరిశోధన వ్యాసం 1901లో వచ్చింది. అది కూడా ఈ కేశనాళికీయత గురించే. మనం రోజూ దీపంలో చూసే సంగతి మీద అంత పెద్దవాళ్లు కూడా తల పట్టుకొని కూర్చున్నారు.

అన్ని వస్తువులూ నీళ్లను పట్టుకోవు. మైనం పట్టుకోదు. చాలా రకాల ప్లాస్టిక్ కూడా పట్టుకోదు. అందుకే పాత పెన్ను రీఫిల్లును నీళ్లలో ముంచి చూసి "ఎక్కలేదేమి?" అని అడగకండి. పాదరసం అయితే ఇంకా విచిత్రం. అది గాజును పట్టుకోదు. సన్న గాజు గొట్టాన్ని పాదరసంలో ముంచితే గొట్టంలో పాదరసం పైకి ఎక్కదు, కిందికి దిగుతుంది. ఇది ఇంట్లో చేయకండి. పాదరసం విషం.

పత్తి సంగతి

మన చేలల్లో పత్తి తీస్తాం. చేనులో తీసిన పత్తిని చిటికెడు తెచ్చి నీళ్ల మీద వేయండి. అది తేలుతుంది. చాలాసేపు తడవదు. దవాఖానా దూదిని వేయండి. క్షణంలో నీళ్లు పీల్చి మునుగుతుంది. రెండూ పత్తే. తేడా ఎక్కడ?

పత్తి పోగు మీద పుట్టుకతోనే సన్నని మైనం పొర ఉంటుంది. ఆ పొర నీళ్లను రానివ్వదు. దవాఖానా దూదిని మందులు కలిపిన నీళ్లలో ఉడికించి ఆ మైనం తీసేస్తారు. అందుకే అది రక్తాన్ని, మందును పీల్చుకుంటుంది. పరుపులోంచి, చేనులోంచి తీసిన పత్తిని గాయానికి పెట్టకూడదు. అది రక్తం పీల్చదు. పైగా అందులో దుమ్ము, క్రిములు ఉంటాయి.

మరి వత్తిని చేసేది ఉత్త పత్తితోనే కదా, నూనె ఎట్లా ఎక్కుతుంది? మంచి ప్రశ్న. మైనానికి నీళ్లతో పొసగదు గాని నూనెతో పొసగుతుంది. అందుకే మైనం ఉన్న పత్తి నీళ్లను నెట్టేస్తుంది, నూనెను రమ్మంటుంది.

కొత్త తువాలు కూడా మొదట సరిగా తడి తుడవదు. నాలుగు ఉతుకులు అయ్యాక బాగా తుడుస్తుంది. గంజి, నేత మందు పోవాలి. పోగుల నడుమ సందులు తెరుచుకోవాలి.

ఇక మనలో మనం మాట్లాడుకునే మాట. నెలసరికి పాత చీర ముక్కలు వాడే అక్కలు ఉన్నారు. అవి నూలువి అయితేనే పీలుస్తాయి. పాలిస్టర్ చీర ముక్క మెత్తగా ఉంటుంది గాని పీల్చదు. తడి పైనే నిలిచి ఒరిపిడి పెడుతుంది. సబ్బు పూర్తిగా పోయేలాగా ఉతకాలి. సబ్బు నిలిస్తే చర్మం మండుతుంది. ఎండలో ఆరేయాలి. సిగ్గుపడి చీకటి మూలన, మరో బట్ట కింద ఆరేస్తే పోగుల నడుమ తడి పోదు. ఆ తడిలోనే క్రిములు పెరుగుతాయి. ఎండకు ఆరేయడానికి సిగ్గెందుకు?

గోడకు ఎక్కే నీళ్లు

ఇది అన్నింటికంటే ముఖ్యమైన సంగతి. జర నిదానంగా చదవండి.

నేలలో తడి ఉంటుంది. ఇటుక గోడ, మట్టి గోడ సందులతో నిండినవే. నేల తడి గోడ పాదం నుంచి పైకి ఎక్కుతుంది. ఎండ తగిలిన చోట నీళ్లు ఆవిరైపోతాయి. కాని నీళ్లతో పాటు వచ్చిన ఉప్పు ఆవిరి కాదు. అది గోడ మీదే మిగులుతుంది. గోడ మీద తెల్లగా పిండిలాగా పూస్తుంది చూశారా, అది ఈ ఉప్పే. పొలంలో చౌడు తేలేదీ ఇట్లాగే. కింద నీటిమట్టం పైకి వచ్చిన చోట ఉప్పు నీళ్లు సందుల గుండా ఎక్కి, ఎండకు ఆరి, ఉప్పును నేల మీద వదులుతాయి. పూర్వం చాకలివాళ్లు ఆ చౌడు మట్టిని తెచ్చి బట్టలు ఉతికేవారు.

గోడకు ఉప్పు పూస్తే మనం ఏం చేస్తాం? పండగకు సున్నం వేస్తాం. రెండు నెలలకు సున్నం పొక్కులు లేచి రాలుతుంది. మళ్లీ వేస్తాం. కొందరు సిమెంటు పూత పూయిస్తారు. నా లెక్కలో అది డబ్బు దండగ. తడి కింది నుంచి వస్తున్నది. పైన మూస్తే అది ఆగదు. పూతను దాటి ఇంకొంచెం పైకి ఎక్కి అక్కడ బయటికి వస్తుంది.

ఆపవలసింది కింద. గోడ పక్కన జాలారి ఉంటే దూరం జరపాలి. జాలారి నీళ్లు మోరీలోకి పోవాలి, గోడ పాదంలోకి కాదు. చూరు నీళ్లు గోడ మొదట్లో పడకుండా కాలువ తీయాలి. గోడకు ఆనించి మట్టి, పెంట పోసి ఉంటే తీసేయాలి. కొత్త ఇల్లు కట్టేటప్పుడు పునాది మీద, గోడ లేపక ముందు, నీళ్లు ఎక్కని పొర ఒకటి వేయాలి. నీళ్లు ఆపే మందు కలిపిన సిమెంటు కాంక్రీటు పొర వేస్తారు. మేస్త్రీలు దాన్ని డీపీసీ అంటారు. ఇల్లు కట్టేవాళ్లు అక్కడ ఖర్చు తగ్గించుకోవద్దు. ఒకసారి గోడ లేచాక ఆ పొర వేయడం చాలా కష్టం.

తాండూరు బండ మనకు కొత్త కాదు. నాపరాయి అన్నా, షాబాద్ బండ అన్నా మన ప్రాంతంలో ప్రతి ఇంట్లో కాళ్ల కింద అదే. ఒక ఇటుక ముక్క తీసుకోండి. పక్కన నాపరాయి ముక్క పెట్టండి. రెండింటి మీదా ఒక్కొక్క చుక్క నీళ్లు వేయండి. ఇటుక మీద చుక్క చూస్తుండగానే మాయమవుతుంది. నాపరాయి మీద చుక్క చాలాసేపు నిలుస్తుంది. ఆ రాయిలో సందులు చాలా తక్కువ. అందుకే కందుల బస్తాలను ఉత్త మట్టి నేల మీద పెట్టకూడదు. గోనె సంచి కూడా నూలు పేలికలాంటిదే. నేల తడిని గుంజి గింజలకు ఇస్తుంది. అడుగు బస్తాకు బూజు పడుతుంది. కింద బండలు పరిచి, వాటి మీద కట్టెలు వేసి, గోడకు జానెడు ఎడం ఉంచి బస్తాలు పెట్టాలి. గోడకు ఆనించిన బస్తా గోడ తడిని కూడా పీలుస్తుంది.

అసలు భయం మట్టి గోడ గురించి. మట్టి గోడ ఎండి ఉన్నంత కాలం రాయిలాగా నిలుస్తుంది. దాని పాదం తడిస్తే మెత్తబడుతుంది. పైన బరువు మాత్రం తగ్గదు. తడిసిన గోడ బరువు ఇంకా పెరుగుతుంది. నాలుగు రోజులు ముసురు పట్టినప్పుడు మన పల్లెల్లో మట్టి గోడలు కూలుతాయి. ఎక్కువసార్లు రాత్రి పూట, అందరూ పడుకున్నాక కూలుతాయి. ప్రాణాలు పోయిన వార్తలు ప్రతి వానాకాలమూ వింటున్నాం.

గోడ ముందే మనకు చెబుతుంది. గోడ కింద తడి గీత రోజు రోజుకూ పైకి జరుగుతుంది. మొదట్లో మట్టి పెళ్లలుగా రాలుతుంది. గోడ కడుపు వచ్చినట్టు ఉబ్బుతుంది. కొత్త పగులు పడుతుంది. తలుపు చౌకట్టు వంగి తలుపు పట్టేస్తుంది. వీటిలో ఏది కనిపించినా ఆ గోడ పక్కన పడుకోవద్దు. ముసలివాళ్లను, పిల్లలను, గొడ్లను అక్కడి నుంచి జరపండి. పక్కింటి గోడ మన వైపు ఒరిగినా అంతే. బొగ్గుతో తడి గీత ఉన్నచోట ఒక గుర్తు పెట్టండి. పక్కన తేదీ రాయండి. రేపు గీత ఎంత పైకి వచ్చిందో తెలుస్తుంది. ఇప్పుడు మీకు తేదీ రాయడం వచ్చు కదా.

చేనులో నీళ్లు

వికారాబాద్ చుట్టుపక్కల ఎర్ర నేలలు ఎక్కువ. తాండూరు వైపు పోతే నల్లరేగడి వస్తుంది. ఎర్ర నేలలో రేణువులు కొంత ముతక. నడుమ సందులు పెద్దవి. నీళ్లు తొందరగా కిందికి ఇంకిపోతాయి. నల్లరేగడిలో రేణువులు చాలా సన్నం. సందులు ఇంకా సన్నం. అది నీళ్లను నిదానంగా తాగుతుంది, గట్టిగా పట్టుకుంటుంది.

తాండూరు కందికి పేరు వచ్చింది ఆ నేల వల్లనే. లోతైన నల్లరేగడి. కింద సున్నపురాయి. 2022 డిసెంబరులో తాండూరు కందికి భౌగోళిక గుర్తింపు వచ్చింది. అంటే ఆ పేరు ఈ ప్రాంతపు కందికే చెందుతుంది అని ప్రభుత్వం రాసి ఇచ్చింది. వానాకాలం మొదట్లో కంది విత్తుతాం. వానలు వెనుకకు తగ్గాకే అది పూతకు, కాతకు వస్తుంది. అప్పుడు పైన వాన లేదు. వేరు లోతుకు పోయి, నేల దాచిన తడిని తాగి కాయ నింపుతుంది. యాసంగి జొన్నకు, శనగకు కూడా ఆ తడే ఆధారం.

కాని ఆ తడికి ఒక దొంగ ఉన్నాడు. ఎండ. పైమట్టి ఎండితే కింది తడి సన్న సందుల గుండా పైకి ఎక్కుతుంది. వత్తిలో నూనె ఎక్కినట్టే. పైకి రాగానే ఎండ దాన్ని ఆవిరి చేస్తుంది. నల్లరేగడి పగుళ్లు బారితే ఆ పగుళ్ల లోపలి నుంచి కూడా తడి పోతుంది.

మన పెద్దలు దీనికి ఏం చేసేవారు? సాళ్ల నడుమ గుంటుక తోలేవారు. దంతె తోలేవారు. "గుంటుక కలుపు కోసమే" అని చాలామంది అనుకుంటారు. కలుపు కోసం నిజమే. కలుపు మొక్క కూడా తడి తాగే దొంగే. కాని రెండో లాభం కూడా ఉంది. గుంటుక పైమట్టిని రెండు మూడు అంగుళాలు కదిలిస్తుంది. సన్న సందులు తెగిపోతాయి. మట్టి గుల్ల అవుతుంది. వెడల్పు సందుల్లో నీళ్లు ఎక్కవు అని గాజు పలకల్లో చూశాం కదా. పగుళ్లు కూడా పూడుతాయి. పైన ఆరిన మట్టి పొర కింది తడికి దుప్పటిలాగా కప్పుకుంటుంది.

పదును చూసి తోలాలి. బురదలో తోలితే పెళ్లలు లేస్తాయి. పూర్తిగా ఎండినాక తోలితే తడి అప్పటికే పోయి ఉంటుంది. ఈ పదును చూడటం పుస్తకంలో నేర్చుకునేది కాదు. మట్టిని పిడికిట్లో పట్టి చూసే మీకే అది బాగా తెలుసు. కంది పొట్టు, ఎండుటాకు సాళ్ల నడుమ పరిచినా తడి నిలుస్తుంది. ఎండ మట్టిని నేరుగా తాకదు.

మరి చెట్టు సంగతి? యాప చెట్టు కొమ్మ చివరికి నీళ్లు ఎట్లా చేరుతాయి? "కేశనాళికీయత వల్ల" అని కొన్ని పుస్తకాల్లో రాసి ఉంటుంది. అది సగం మాటే. చెట్టులోని గొట్టం మిల్లీమీటరులో ఇరవయ్యో వంతు వెడల్పు ఉంది అనుకుందాం. మన లెక్క ప్రకారం అందులో నీళ్లు 60 సెంటీమీటర్లే ఎక్కాలి. అది నడుము ఎత్తు కూడా కాదు. మిగతా పని ఆకులు చేస్తాయి. ఎండకు ఆకుల నుంచి నీళ్లు ఆవిరి అవుతుంటాయి. ఆకుల్లోని మరీ సన్నని సందుల్లో నీళ్లు గట్టిగా పట్టుకొని ఉంటాయి. పైన కొంచెం పోతే కింది నీళ్లను గుంజుతాయి. నీటి కణాలు చేతులు పట్టుకొని ఉంటాయి కదా, ఆ గొలుసు వేరు దాకా కదులుతుంది.

రంజన్, రక్తం, పరీక్ష కార్డు

ఎండాకాలం రంజన్‌లో నీళ్లు చల్లగా ఉంటాయి. మట్టి కుండ సందుల గుండా నీళ్లు బయటి వైపుకు వస్తాయి. అక్కడ ఆవిరి అవుతాయి. ఆవిరి అయ్యేటప్పుడు కుండ వేడిని తీసుకుపోతాయి. కుండకు రంగు వేస్తే చూడటానికి బాగుంటుంది గాని సందులు మూసుకుపోతాయి. నీళ్లు చల్లబడవు. రెండు మూడు ఏండ్లు వాడిన కుండ సందుల్లో నీళ్లలోని ఉప్పు, సున్నం పేరుకుంటుంది. పాత రంజన్ చల్లగా చేయదు అని మనం అనే మాట వెనుక ఉన్నది ఇదే.

దవాఖానాలో వేలి కొసన గుచ్చి రక్తం తీస్తారు. సన్న గాజు గొట్టం కొసను చుక్కకు తాకిస్తారు. ఎవరూ పీల్చకుండానే రక్తం గొట్టంలోకి పోతుంది. ఆ ఒక్క చుక్కతో రక్తం ఎంత ఉందో చెబుతారు. గర్భిణికి హిమోగ్లోబిన్ 11 గ్రాములు, మిగతా ఆడవాళ్లకు 12 గ్రాములు ఉండాలి. అంతకు తగ్గితే రక్తహీనత. ఆ చీటీ మీద అంకె ఉంటుంది. చీటీని మడిచి కొంగున కట్టుకోకుండా ఆ అంకెను మీరే చదవండి. తక్కువ ఉంటే అక్కడే అడగండి.

మన ఒంట్లో కూడా కేశనాళికలు ఉన్నాయి. అవి వెంట్రుకలో పదో వంతు సన్నంగా ఉండే రక్తనాళాలు. అయితే వాటిలో రక్తాన్ని నడిపేది గుండె. పేరు ఒకటైనా పని వేరు. కలిపేసుకోకండి.

గర్భం ఉందో లేదో చూసే కార్డు ఆశ కార్యకర్త దగ్గర, మందుల దుకాణంలో దొరుకుతుంది. కార్డు ఒక కొసన చిన్న గుంట ఉంటుంది. అందులో రెండు మూడు చుక్కల మూత్రం వేయాలి. లోపల కాగితంలాంటి పట్టీ ఉంటుంది. మూత్రం ఆ పట్టీలో సుద్దముక్కలో నీలం పాకినట్టు పాకుతుంది. దారిలో మందు పూసిన చోట్ల గీతలు తేలుతాయి. ఒక్క గీత ఒక చోట తప్పక రావాలి. అది కార్డు సరిగా పని చేసింది అనే గుర్తు. రెండో గీత కూడా వస్తే గర్భం ఉన్నట్టు. మొదటి గీతే రాకపోతే ఆ కార్డు చెడిపోయింది, ఇంకొకటి కావాలి. ఎన్ని నిమిషాలు ఆగాలో కవరు మీద రాసి ఉంటుంది. ఎప్పటి వరకు పనికి వస్తుందో ఆ తేదీ కూడా ఉంటుంది. రెండూ చదివి చూసుకోండి. మలేరియా చూసే కార్డు కూడా ఇట్లాగే పని చేస్తుంది. అందులో రక్తం చుక్క వేస్తారు.

నెల తప్పిన సంగతి ముందుగా మనకే తెలియాలి. ఆ తరువాత ఎవరికి చెప్పాలో, ఎప్పుడు దవాఖానాకు పోవాలో ఆలోచించుకోవచ్చు. గీతలు లెక్కపెట్టడానికి ఇంకొకరి అవసరం లేదు.

కొత్త మాటలు: కేశనాళిక, రేణువు, ఆవిరి, రక్తహీనత, భౌగోళిక గుర్తింపు. ఒక్కొక్క మాటను మూడు సార్లు రాయండి.

చెప్పండి:

ప్రమిద అంచు దాటి వత్తి బయటికి వేలాడితే కింద నూనె మరక పడుతుంది. ఎందుకు?

మీ నోటుబుక్కులో సిరా పాకదు. పాత వార్తాపత్రిక మీద రాస్తే సిరా పాకుతుంది. నోటుబుక్కు కాగితానికి ఏదో పూసి ఉంటారు. అది ఏం పని చేస్తుంది?

బకెట్ నిండా నీళ్లు ఉన్నాయి. తువాలు సగం లోపల, సగం బయట వేలాడుతున్నది. బయటి కొస నేలకు దగ్గరగా ఉంది. రాత్రంతా అట్లాగే వదిలితే తెల్లారేసరికి ఏమవుతుంది? ముందు మీ జవాబు రాయండి. తరువాత చేసి చూడండి.

మీ ఇంటి గోడకు తడి ఎంత ఎత్తు ఎక్కింది? ఎన్ని బెత్తలు? ఏ వైపు గోడ? దాని పక్కన ఎవరు పడుకుంటారు?